సత్యపీఠం మీద స్పీకర్లు

సికింద్రాబాదులో కాపురముంటూ సరౌండ్ సౌండ్‌కు డబ్బు పెట్టడం ఒక రకంగా విడ్డూరమే. ఇక్కడ చెవికి నాలుగు దిక్కుల నుంచీ ఉచితంగా అందుతూనే ఉంటుంది. ఒక పక్క స్టేషన్‌లో బండి కూత, ఇంకో పక్క మోండా మార్కెట్ బేరాలు, వీపు వెనక ఆటో హారన్, నెత్తి మీద పై వాటా వాళ్లు కుర్చీ జరిపిన మోత. డాల్బీ వాళ్లు ‘అట్మాస్’ అని పేరు పెట్టి పైకప్పుకు కూడా స్పీకర్లు బిగించమనేదాకా ఆగక్కర్లేదు, మనకు పై వాటా ఎప్పటి నుంచో ఉంది. అయినా జనం హాల్లో టీవీకి అటొకటి ఇటొకటి, మధ్యలో ఒకటి, సోఫా వెనక రెండు, మూల మీద నల్లటి వూఫర్ ఒకటి పెట్టుకుని, తలుపులు బిడాయించి మరీ ఆ నాలుగు దిక్కుల శబ్దాన్ని ఇంట్లో మళ్లీ పుట్టించుకుంటున్నారు. ఊరి మోతకు దర్శకుడు లేడు, సినిమా మోతకు ఉన్నాడు. ఆ దర్శకత్వానికే ఈ ఖర్చంతా.

కంటికి వీపు వెనక ఏముందో తెలియదు. ఆ కాపలా చెవిది. ఒక చప్పుడు కుడి చెవికి ముందు చేరి ఎడమ చెవికి కాస్త ఆలస్యంగా చేరుతుంది. ఆ ఆలస్యం సెకనులో వెయ్యో వంతు కూడా ఉండదు. అంత చిన్న తేడాతో మెదడు దిక్కు లెక్క కట్టేస్తుంది. ముందా వెనకా అన్నది చెవి డొప్ప మడతలు చెబుతాయి. అడవిలో బతికిన రోజుల నుంచీ వెనక చప్పుడంటే మనిషి ఉలిక్కిపడతాడు. సినిమా వాళ్లు ఆ ఉలికిపాటుకే టికెట్ పెట్టారు.

మొదట ఉలిక్కిపడింది మాత్రం ఒక ఇంజినీరు. 1931లో ఇంగ్లండులో అలాన్ బ్లమ్లైన్ అనే ఆయన సినిమాకు వెళ్తే, తెర మీద నటుడు ఒక మూల ఉన్నాడు, గొంతు ఇంకో మూల నుంచి వస్తోంది. మాట మనిషి వెంట నడిచే ఉపాయం నా దగ్గర ఉందని పక్కనున్న భార్యతో అన్నాడట. ఆ ఏడాది డిసెంబరులోనే పేటెంటుకు దరఖాస్తు పెట్టాడు. ఇవాళ మనం స్టీరియో అంటున్నదానికి అది పునాది. మాట ఎవరిదో వాళ్ల దగ్గర నుంచే రావాలన్న పట్టుదల ఆయనది. ఈ వ్యాసంలో ముందుకెళ్లే కొద్దీ ఆ పట్టుదల మనకు పనికొస్తుంది.

మన దగ్గర ఆ రుచి చూపించినవి 70 ఎం.ఎం. హాళ్లు. 70 ఎం.ఎం. ప్రింటు అంచుల్లో ఆరు అయస్కాంతపు ట్రాకులుండేవి. తెర వెనక ఎడమ నుంచి కుడి దాకా బారులు తీరిన స్పీకర్లకు కొన్ని, హాలు గోడలకు ఒకటి. తెలుగులో మొదటి 70 ఎం.ఎం. సినిమా కృష్ణ తీసిన ‘సింహాసనం’, 1986లో. ఇంగ్లిషు సినిమాల పిచ్చి ఉన్నవాళ్లకు సికింద్రాబాదులో సంగీత్ ఉండేది. థియేటర్ పోయినా చౌరస్తాకు ఆ పేరే మిగిలింది. ఎన్నడూ ఆ హాల్లో కాలు పెట్టని పిల్లలు కూడా బస్సులో ‘సంగీత్ ఒకటి’ అని టికెట్ అడుగుతారు. అక్కడ సినిమా చూసి వచ్చినవాడికి ఇంట్లో టీవీ ముందు కూర్చుంటే గొంతు తలుపు సందులోంచి వస్తున్నట్టుండేది. ఇంట్లో కూడా ఆ ఆరు దిక్కులూ కావాలనిపించడం అక్కడ మొదలైంది.

కానీ ఇంట్లోకి వచ్చే తీగలు రెండే. క్యాసెట్‌కు రెండు ట్రాకులు, వీడియోకు రెండు, తర్వాత సీడీకీ రెండే. రెండింటిలోంచి ఎడమ, కుడి, మధ్య, వెనక అని నాలుగు ఎలా తీస్తారు? ఇక్కడే డీకోడర్ కథ, అది నిజానికి చిన్నప్పటి లెక్కల పుస్తకంలో కూడికా తీసివేతా. సినిమా వాళ్లు మాటల్ని రెండు ట్రాకుల్లోనూ సమానంగా పెడతారు. వెనక నుంచి రావలసిన వానని, గాలిని, జనం గోలని కూడా రెండింటిలోనూ పెడతారు కానీ ఒక దాంట్లో అల పైకి లేస్తుంటే రెండో దాంట్లో అదే అల కిందికి దిగేటట్టు పెడతారు. ఇంట్లో డీకోడర్ ఆ రెండింటినీ కూడితే సమానంగా ఉన్న మాటలు బలపడి మధ్య స్పీకర్‌కు వెళ్తాయి, ఎదురెదురుగా ఉన్నవి ఒకదాన్నొకటి చంపుకుంటాయి. ఒక దాంట్లోంచి ఇంకోటి తీసేస్తే మాటలు సున్నా అవుతాయి, వాన మిగులుతుంది. మిగిలింది వెనక్కి వెళ్తుంది. సినిమా హాళ్లలో డాల్బీ స్టీరియో పేరుతో 1970లలో నడిచిన పద్ధతి ఇది. ‘స్టార్ వార్స్’ 1977లో దాన్ని ప్రపంచమంతా మోగించింది. 1982లో డాల్బీ సరౌండ్ పేరుతో ఇళ్లలోకి వచ్చింది. 1987లో వచ్చిన ప్రో లాజిక్ ఇంకో అడుగు వేసి, ఏ క్షణంలో ఏ దిక్కు బలంగా ఉందో కనిపెట్టి, మిగతా దిక్కుల్లోకి అది కారకుండా చూసింది.

అందులో రెండు జాగ్రత్తలున్నాయి. వెనక శబ్దాన్ని సుమారు 20 మిల్లీసెకన్లు ఆలస్యంగా వదులుతారు. ఎందుకంటే ఒకే శబ్దం రెండు చోట్ల నుంచి వస్తే చెవి మొదట వచ్చినదాన్నే నమ్ముతుంది, దిక్కు దానికే కట్టబెడుతుంది. హెల్ముట్ హాస్ అనే జర్మన్ 1949లో దీన్ని కొలిచి చూపించాడు. రెండో జాగ్రత్త, వెనక్కి వెళ్లేదాంట్లో 7 కిలోహెర్ట్జ్ పైన ఉన్న సన్నని శబ్దాలను కోసెయ్యడం. టేపు హెడ్డు రవ్వంత వంకరగా ఉన్నా రెండు ట్రాకులూ ముందూ వెనకా అయి తీసివేత సరిగ్గా సున్నాకు రాదు. హీరోయిన్ మాటల్లోని ‘స’కారాలు వెనక గోడ మీద బుసకొడతాయి. అందుకని ఆ కోత. ఈ జాగ్రత్తలు రెండూ ఒక్క లక్ష్యానికే. వెనక ఉండకూడనిది వెనక వినపడకూడదు.

ఇదంతా పేటెంట్లూ లైసెన్సులూ ఉన్న పెద్ద కంపెనీల వ్యవహారం. మన వ్యవహారం కోఠీలో జరిగేది. సికింద్రాబాదులో బస్సెక్కి, ట్యాంక్‌బండ్ అవతల దిగి, గుజరాతీ గల్లీలో దూరితే కావలసిన బోర్డులన్నీ దొరికేవి. ఆంప్లిఫయర్‌కు ఎల్ఏ 4440 ఐసీ, కాస్త దమ్మున్నవాడైతే టీడీఏ 2030లు, ఇంకా పైకెళ్తే టీడీఏ 7294. 12-0-12 ట్రాన్స్‌ఫార్మర్, డబ్బా సైజు ఫిల్టర్ కెపాసిటర్, ఒక రేకు క్యాబినెట్. పెద్ద కంపెనీ సెట్టు కొనలేని మధ్యతరగతి వాడికి ‘అసెంబుల్డ్ సెట్’ అనేది గర్వకారణం. ఇంటికొచ్చిన చుట్టానికి మూత తీసి లోపలి టంకాలు కూడా చూపించేవాళ్లు. 1967లో ఈసీఐఎల్ వచ్చినప్పటి నుంచీ జంటనగరాల్లో సోల్డరింగ్ కడ్డీ పట్టగలిగిన చేతులకు కొదవ లేదు.

అన్నిటికంటే చవకైన డీకోడర్‌కు అసలు బోర్డే అక్కర్లేదు. డేవిడ్ హాఫ్లర్ అనే అమెరికన్ ప్రచారంలోకి తెచ్చిన చిట్కా అది. ఆంప్లిఫయర్‌లో ఎడమ స్పీకర్ ప్లస్సుకు ఒక తీగ, కుడి స్పీకర్ ప్లస్సుకు ఇంకో తీగ, మధ్యలో వెనక స్పీకర్. రెండు ప్లస్సుల మధ్య ఉన్న తేడా ఏదో అదే ఆ స్పీకర్‌లో పలుకుతుంది. తీసివేత తీగే చేసేస్తుంది, కరెంటు లేదు, ఐసీ లేదు. అయితే రెండు మైనస్సులూ లోపల ఒకే గ్రౌండుకు కలిసి ఉన్న ఆంప్లిఫయర్‌కే ఇది పనికొస్తుంది. బ్రిడ్జ్ చేసినదానికి బిగిస్తే ఐసీ కాలిన వాసన వస్తుంది.

ఆ తర్వాత బజారును ఏలినవి ‘5.1 ప్రో లాజిక్’ అని అచ్చేసిన చిన్న బోర్డులు. వాటి మీద డాల్బీ చిప్పు ఉండదు. ఎనిమిది కాళ్ల 4558 ఐసీలు కొన్ని వరసగా ఉంటాయి. ఒకటి రెండు ట్రాకులనూ కలిపి సన్న శబ్దాలు కోసేసి వూఫర్‌కు ఇస్తుంది. ఒకటి సెంటర్‌కు ఇస్తుంది. వెనక్కి వచ్చేసరికి రకరకాలు. కొన్నింటిలో నిజంగానే తీసివేత ఉంటుంది. కొన్నింటిలో ముందు స్పీకర్లకు వెళ్లే శబ్దాన్నే కాస్త ట్రెబుల్ తగ్గించి వెనక్కి కూడా పంపిస్తారు. రెండు ఇస్తే ఆరు వస్తాయి. ఆరూ ఎప్పుడూ మోగుతాయి.

ఎప్పుడూ మోగడమే వాటి అమ్మకపు రహస్యం. సికింద్రాబాదులో ఒక మెకానిక్ దుకాణంలో కూర్చుని ఉండగా ఒకాయన వచ్చాడు.

“అన్నా, వెనక రెండు పలుకుతలేవు.”

“సినిమాల ఉంటే పలుకుతయి సార్. పాత పాట వెట్టిండ్రా?”

“ఏది వెడితే ఏంది? ఆరు స్పీకర్లకు పైసలిచ్చిన గదా, ఆరూ మోగాలె.”

“మోగిస్తా సార్, రేపు రాండ్రి.”

ఆయన వెళ్లాక మెకానిక్ పాత బోర్డు విప్పి పక్కన పెట్టి, 4558ల బోర్డు బిగించడం మొదలుపెట్టాడు. విప్పింది పాడైందా అని అడిగితే నవ్వాడు. “అదే అసలైనది సార్. నిజం బోర్డు వెడితే వాపసొస్తది, ఇది వెడితే ఇంకో గిరాకీని తోలుకొస్తది.”

ఆయన ఆ మాట వ్యాపారం గురించి అన్నాడు. నాకు మాత్రం ‘మాయాబజార్’ గుర్తొచ్చింది. ఆ సినిమాలో రెండు వింత వస్తువులున్నాయి. ఒకటి ప్రియదర్శిని పేటిక. మూత తీసి చూస్తే ఎవరికి ఏది ప్రియమో అదే కనిపిస్తుంది. శశిరేఖ చూస్తే అభిమన్యుడు కనిపిస్తాడు, పాట కూడా పాడతాడు. దేశంలో టీవీ ప్రసారం 1959లో ఢిల్లీలో మొదలైతే, అంతకు రెండేళ్ల ముందే ఆ సినిమా దర్శకుడు కె.వి. రెడ్డిగారు మనకు హోమ్ థియేటర్ చూపించారన్నమాట. రెండోది సత్యపీఠం. దాని మీద నిలబడితే శకుని అంతటివాడు కూడా ఉన్నది ఉన్నట్టు కక్కుతాడు. డీకోడర్ కిట్లు కూడా ఈ రెండు జాతులే. ఒకటి మనకు ఇష్టమైనది వినిపిస్తుంది. రెండోది ట్రాకులో ఏముందో అది చెబుతుంది, లేకపోతే లేదంటుంది. బజారులో ప్రియదర్శినికి ఉన్న గిరాకీ సత్యపీఠానికి లేదు.

కోఠీని ఒక్కదాన్నే అనడం న్యాయం కాదు. పెద్ద పెద్ద కంపెనీల రిసీవర్ల రిమోట్ల మీద కూడా ‘ఆల్ ఛానల్ స్టీరియో’ అనే ఏర్పాటు ఉంటుంది. నొక్కితే ఇంట్లో ఉన్న స్పీకర్లన్నీ ఒకటే పాట అందుకుంటాయి. పుట్టినరోజు నాడు ఇంటి నిండా పిల్లలు గంతులేస్తుంటే అంతకంటే కావలసింది లేదు. అది తన పేరు తాను దాచుకోవడం లేదు కాబట్టి దానితో తగువు కూడా లేదు. పాటను అన్ని మూలలకూ పంచి, దానికి ‘డీకోడర్’ అని పేరు పెట్టుకున్నప్పుడే పేచీ. డీకోడ్ చెయ్యడానికి ముందు ఎవరో ఒకరు అందులో ఏదో దాచి ఉండాలి కదా.

అక్కడే ‘మాయాబజార్’ మళ్లీ పనికొస్తుంది. 1957లో వచ్చిన ఆ సినిమా శబ్దమంతా ఒకే ట్రాకు. ఆ నలుపు తెలుపు సినిమాకు రంగులద్ది, శబ్దాన్ని డీటీఎస్ అనే పలు ఛానళ్ల పద్ధతికి మార్చి 2010 జనవరిలో మళ్లీ విడుదల చేసినవాళ్లు మన ఊరివాళ్లే. అప్పట్లో సికింద్రాబాదు సరోజినీదేవి రోడ్డులో ఆఫీసున్న గోల్డ్‌స్టోన్ టెక్నాలజీస్. ఒక్క ట్రాకును అన్ని దిక్కులకూ పంచడం తప్పు కాదా మరి అని ఎవరైనా అడగొచ్చు. తేడా ఉంది. అక్కడ ఒక మనిషి కూర్చుని ఏ శబ్దం ఎక్కడ ఉండాలో ఒక్కో దృశ్యానికీ తేల్చుకోవాలి. ఘటోత్కచుడి భోజనం పాటలో మాధవపెద్ది సత్యం గొంతు తెర మధ్యలో ఉండాలా, పక్కకు జరగాలా? ఆ నిర్ణయం మనకు నచ్చొచ్చు, నచ్చకపోవచ్చు. కానీ దానికి ఒక బాధ్యుడు ఉన్నాడు. 4558 బోర్డు ఘటోత్కచుడికీ వార్తలు చదివే అమ్మాయికీ వాతావరణ సూచనకీ ఒకే మర్యాద చేస్తుంది. ఆ నిర్ణయం ఎవరిదీ కాదు.

డిజిటల్ వచ్చాక ఈ గొడవ తీరాలి. 1992లో ‘బ్యాట్‌మన్ రిటర్న్స్’తో డాల్బీ డిజిటల్, మరుసటి ఏడాది ‘జురాసిక్ పార్క్’తో డీటీఎస్ హాళ్లలోకి వచ్చాయి. డీవీడీతో ఇంట్లోకి వచ్చాయి. ఇక కూడికా తీసివేతా లేవు. ఐదు దిక్కులకు ఐదు విడివిడి ఛానళ్లు, 120 హెర్ట్జ్ లోపు గుండె దడదడలకు ఆరోది. ఆ చివరి దానికి మొత్తం శబ్దంలో పిడికెడు భాగమే ఉంటుంది కాబట్టి దాన్ని .1 అన్నారు. సీడీలో రెండు ఛానళ్లకు సెకనుకు 1,411 కిలోబిట్లు పడితే, డీవీడీలో ఆరింటికీ కలిపి 448 కిలోబిట్లతో సరిపెట్టారు. పెద్ద శబ్దం పక్కన చిన్న శబ్దం చెవికి ఆనదు కాబట్టి దాన్ని రాయకుండా వదిలేస్తారు. డాల్బీ డిజిటల్ మీద పేటెంట్లు 2017లో ముగిశాయి. ఇప్పుడు అరచేతిలో పట్టే డీకోడర్ కిట్లు ఆన్‌లైన్‌లో వస్తున్నాయి. వెనక ఒక ఆప్టికల్ రంధ్రం, ఒక కోయాక్సియల్, కొన్నింటికి హెచ్‌డీఎంఐ ఏఆర్‌సీ కూడా, ముందు ఆరు అవుట్‌పుట్లు. పాత అసెంబుల్డ్ ఆంప్లిఫయర్‌కు కలుపుకుంటే చాలు, అది మళ్లీ పడుచుదవుతుంది.

ఇక్కడా రెండు మెలికలున్నాయి. సెట్‌టాప్ బాక్సులో గానీ టీవీలో గానీ డిజిటల్ ఆడియో ‘పీసీఎం’ అని పెట్టి ఉంటే ఆ ఆప్టికల్ తీగలో వెళ్లేది రెండు ఛానళ్లే. ఎంత మంచి కిట్టు పెట్టినా వెనక ఏమీ ఉండదు. ఓటీటీ సినిమాలు ఎక్కువగా డాల్బీ డిజిటల్ ప్లస్‌లో వస్తాయి. చవక కిట్లు చాలావరకు ‘ప్లస్’ లేని పాతదాన్నే చదవగలవు. టీవీ సెట్టింగుల్లోకి వెళ్లి దాన్ని డాల్బీ డిజిటల్‌గా మార్చి పంపమని చెప్పాలి, అన్ని టీవీలూ ఆ మాట వినవు. ఇవి సరిచూసుకోకుండా కిట్టు పనికిరాదని తీర్పిచ్చేవాళ్లు ఎక్కువ.

అన్నీ సరిగ్గా కుదిరాయనుకోండి, అప్పుడు కూడా వెనక స్పీకర్లు సినిమాలో చాలాసేపు ఊరుకునే ఉంటాయి. ఇద్దరు కూర్చుని మాట్లాడుకునే సన్నివేశంలో వాటికి పనేముంది? కచేరీలో గాయకుడు ఆలాపన చేస్తున్నంతసేపూ మృదంగం వాయించే ఆయన ఒళ్లో చేతులు పెట్టుకుని కూర్చుంటాడు. ఆయనకిచ్చిన సంభావన దండగయిందని ఏ రసికుడూ అనడు. పల్లవి మొదలయ్యాక ఆ చెయ్యి పడే చోటు ఎంత బలంగా ఉంటుందో అందరికీ తెలుసు. సోఫా వెనక పెట్టెలకు మాత్రం మనం ఆ గౌరవం ఇవ్వం. పలకనిది చెడిపోయినట్టే లెక్క.

నిజానికి ఇంట్లో డీకోడర్ చేసే అసలు మేలు వెనక కాదు, మధ్యలో ఉంది. “ఏమండీ, మోతలే వినపడుతున్నాయి, మాటలు వినపడట్లేదు” అన్న ఫిర్యాదు లేని ఇల్లు లేదు. టీవీలోని రెండు చిన్న స్పీకర్లలో మాటా, నేపథ్య సంగీతం, ఫైటు దెబ్బలూ అన్నీ కలగలిసిపోతాయి. శబ్దం పెంచితే దెబ్బలు పెరుగుతాయి, తగ్గిస్తే మాట పోతుంది. 5.1లో మాటలు దాదాపు పూర్తిగా సెంటర్‌లోనే ఉంటాయి కాబట్టి ఆ ఒక్కదాన్నే కాస్త పెంచితే సరి. వినికిడి తగ్గిన పెద్దవాళ్లున్న ఇంట్లో ఇది చిన్న విషయం కాదు. వూఫర్ గురించి ఎవరూ అంత కంగారు పడక్కర్లేదు. 80 హెర్ట్జ్ కంటే కింద చెవికి దిక్కు సరిగ్గా తెలియదు, ఏ మూల పెట్టినా నడుస్తుంది. దిక్కు తెలియనిదానికి గోడా అడ్డం కాదు కాబట్టి కింది వాటా వాళ్లతో సఖ్యంగా ఉండటం మంచిది.

ఇక అమరిక. పుస్తకాల ప్రకారం ముందువి రెండూ మన ఎదుటి గీతకు చెరో 30 డిగ్రీలు, వెనకవి 110 డిగ్రీల దగ్గర. మన ఫ్లాట్లలో 110 డిగ్రీల దగ్గర ఒక వైపు బాల్కనీ తలుపు, ఇంకో వైపు ఫ్రిజ్జో దేవుడి మందిరమో ఉంటుంది. దూరాలు సమానంగా రావు. మీటరు దూరానికి శబ్దం దాదాపు 3 మిల్లీసెకన్లు తీసుకుంటుంది కాబట్టి కిట్టులో డిలే సర్దుబాటు ఉంటే దగ్గరి స్పీకర్‌ను ఆ మేరకు ఆపి లెక్క సరిచెయ్యొచ్చు. అంతా సరిచేశాక తేలేదేమిటంటే అది ఒక్క కుర్చీకే సరిపోతుందని. ఇంటిల్లిపాదికీ కొన్న వస్తువు సోఫాలో ఒక్కరికే పూర్తిగా పనిచేస్తుంది. ఆ ఒక్క చోటు ఎవరిదన్నది ఏ డీకోడరూ తేల్చలేదు.

కాబట్టి కొనబోయేవాళ్లకు నేను చెప్పే పరీక్ష ఒకటే. దుకాణంలో బాంబులు పేలే సినిమా పెట్టమనకండి, అందులో ఏ బోర్డయినా గట్టెక్కుతుంది. పాత మోనో పాట పెట్టమనండి, ఘంటసాలది. ప్రో లాజిక్ అని పేరున్న బోర్డయితే ఎడమా కుడీ ఒకటే కాబట్టి కూడిక అంతా సెంటర్‌కు పోవాలి, తీసివేత సున్నా కావాలి. అప్పుడు లేచి వెనక స్పీకర్‌కు చెవి ఆనించండి. అక్కడ కూడా ఘంటసాల నిక్షేపంగా పాడుతుంటే ఆ కిట్టు మీకు ఇష్టమైనది వినిపిస్తోందని అర్థం. దాన్నే కొనుక్కున్నా నష్టం లేదు, పండగలకు పనికొస్తుంది, తక్కువ ధరకు బేరమాడండి. వెనక ఏమీ వినపడకపోతే మాత్రం బేరం ఆపి డబ్బు లెక్కపెట్టండి. ఆరు పెట్టెలకు డబ్బిచ్చి, ఒక్క పెట్టెలోంచి వచ్చే పాటను దుకాణదారుతో తగువు పడకుండా వినగలిగిన మనిషి ఆ కిట్టుకు తగిన యజమాని.